నిలబడి ఆడిన మ్యాచ్

ఫుట్‌బాల్ టీములో గోలు కొట్టినోడికి పేపర్లో ఫోటో వస్తుంది. గోలు ఆపినోడికి మెడలో దండ పడుతుంది. మధ్యలో ఉండి పొద్దస్తమానం అటూ ఇటూ బంతి అందించేవాడికి మాత్రం ఆయాసం మిగులుతుంది. వాణ్ణి మిడ్‌ఫీల్డర్ అంటారు. మా సార్ పాతకాలం మనిషి కాబట్టి 'హాఫ్' అనేవాడు. నేను ఆ పని చేసి జీతం తీసుకున్నాను. నవ్వొద్దు, నిజంగానే ఇచ్చినారు.

జీతమిచ్చినా మా ఊళ్లో ఎవరూ నమ్మలేదు. పెండ్లి సంబంధాలు చూసేటప్పుడు పిల్ల తరపువాళ్లు మా అమ్మను అడిగేవాళ్లు.

"పిల్లోడు ఏం చేస్తాడు?"

"బెంగుళూరులో బంతి ఆడతాడు."

"అది సరేలేమ్మా. పనేం చేస్తాడు?"

రెండు సంబంధాలు ఇట్లనే పోయినాయి. మూడోసారికి మా అమ్మ తెలివి తెచ్చుకుని "కంపెనీలో సూపర్‌వైజరు" అని చెప్పింది. ఆ మాట మీదనే నాకు పెండ్లయింది. నా భార్య ఇప్పటికీ ఆ కంపెనీ పేరు అడుగుతా ఉంటుంది.

ఇప్పుడు నేను గిద్దలూరులో షామియానాలు, కుర్చీలు, మైకుసెట్టు బాడుగకిస్తా. పొద్దున పూట రైల్వే గ్రౌండ్‌లో మీలాంటి పిల్లలతో ఉంటా. మీలో కొందరు క్లబ్బులకు పోవాలనుకుంటున్నారు కదా, అందుకే ఇది రాస్తున్నా. ఆట ఎట్ల ఆడాలో చెప్పడానికి కాదు. అది చెప్పడానికి ఫోన్లో వీడియోలున్నాయి, వాటికి నాలాగా కాలు కుంటదు.

చదువు సంగతి ముందే చెప్పేస్తా. ఎనిమిదో తరగతిలో లెక్కల అయ్యవారు నన్ను బెంచీ ఎక్కించినాడు. బెంచీ మీదనుంచి కిటికీ బాగా దగ్గర. అట్లనే గ్రౌండ్‌కి దిగిపోయినా. మళ్లీ తిరిగి పోలేదు. ఆయన ఇంకా నాకోసం చూస్తున్నాడేమో తెలీదు. తర్వాత నేను బెంగుళూరు క్లబ్బులో చేరినప్పుడు ఒక పేపరాయన మా ఇంటికొచ్చి, నల్లమల అంచున మేకలు కాస్తా కాస్తా మందంతా ఒక్క చూపులో చూడటం నేర్చుకున్నానని, దాంతోనే మిడ్‌ఫీల్డర్ అయినానని రాసినాడు. చాలా బాగా రాసినాడు. మేకలు కాసింది మా అక్క. నన్ను చూస్తే మేకలకు కూడా నమ్మకముండేది కాదు.

నాకు చూపు నేర్పింది సార్. సార్ అంటే బడి సార్ కాదు, రైల్వేలో పాయింట్స్‌మన్. వచ్చే బండి ఏ లైను మీదికి పోవాలో చూసి ఆ లైనుకి పట్టాలు కలిపే ఉద్యోగం. వయసులో ఉన్నప్పుడు హుబ్లీలో పనిచేసి, ఆడ ఆట నేర్చుకుని వచ్చినాడు. డ్యూటీ దిగినాక ఖాకీ ప్యాంటు మోకాళ్ల దాకా మడుచుకుని గ్రౌండ్‌కి వచ్చేవాడు. ఊళ్లో క్రికెట్ పిచ్చి పట్టని పిల్లలు ఎవరున్నా ఆయనకి దొరికిపోయేవాళ్లు.

"హాఫ్ అనేవాడు బండి ఎక్కగూడదురా," అనేవాడు నాతో. "బండిని లైను మీదికి పంపి ఈడనే ఉండాల. పోయిన బండి గురించి దిగులు పడగూడదు. వచ్చే బండిని చూసుకోవాల."

"మరి మనమెప్పుడు పోవాల సార్ ఊరికి?"

"నీకు నోరెక్కువ, కాళ్లు తక్కువ. పో, గ్రౌండ్ చుట్టూ తిరుగు."

ఇంకొకని గురించి చెప్పాల. మా గోల్‌కీపర్. వాళ్లకి బస్టాండు దగ్గర సైకిల్ పంచర్ల దుకాణం. గ్రౌండ్ చుట్టూరా కంపచెట్లు కాబట్టి బంతికి ఎప్పుడూ ముల్లు దిగేది. బంతి బతకాలంటే వాణ్ణి టీములో పెట్టుకోక తప్పదు. పరిగెత్తలేడు, అందుకని గోలులో నిలబెట్టినాం. నిలబడగా నిలబడగా నిజంగానే మంచి కీపర్ అయినాడు. ఇంట్లో ఉర్దూ, గ్రౌండ్‌లో తెలుగు, గోలు పడితే రెండూ. నేను వాణ్ణి బావా అంటా, వాడు నన్ను బావా అంటాడు. వానికున్న చెడ్డ అలవాటు ఒకటే. బంతి గాల్లో కనపడితే ఎదురుగా మనిషున్నాడా గోడుందా చూడడు, దూకేస్తాడు.

నంద్యాల టోర్నమెంటులో ఆడేటప్పుడు హైదరాబాదు నుంచి వచ్చిన ఒకాయన నన్ను చూసి తీసుకపోయినాడు. ఆడనుంచి బెంగుళూరు క్లబ్బు. హాస్టల్లో గది, పొద్దున గుడ్లు, సాయంత్రం ఐసుగడ్డల తొట్టి, నెల తిరిగితే జీతం. కొన్నేండ్లు ఆడినా. నా పేరు మైకులో చెప్పేటప్పుడు తప్పు పలికేవాళ్లు, అయినా చెప్పేవాళ్లు. అట్లాంటప్పుడు కలకత్తాలో ఒక పెద్ద క్లబ్బు నన్ను అడిగింది. ఆ క్లబ్బు మ్యాచ్ ఉంటే ఊళ్లో ట్రాములు ఆగిపోతాయంటారు. మాటలన్నీ అయిపోయినాయి. ఇక పోవాల, డాక్టరు పరీక్షలో నిలబడాల, సంతకం పెట్టాల. అంతవరకు ఇంటికి పోయి రమ్మన్నారు. బెంగుళూరు కోచ్ నన్ను స్టేషన్‌కి పంపుతా ఒక్క మాట చెప్పినాడు. "ఇంట్లో తిను, పండుకో. బంతిని మాత్రం ముట్టుకోవద్దు."

నేను గిద్దలూరులో దిగిన వారమే సార్ రిటైరయినాడు.

రిటైర్‌మెంట్ అంటే ఏముంది, ఆఫీసులో ఒక దండ, ఒక శాలువా, ఒక గోడ గడియారం. మా వాళ్లకి అది చాలలేదు. సార్ చేతికింద ఆడిన పాతోళ్లంతా కలిసి రైల్వే గ్రౌండ్‌లో మ్యాచ్ పెట్టినారు. పాతోళ్లు ఒక పక్క, కొత్తోళ్లు ఒక పక్క. సార్‌ని, సార్ భార్యని స్టేజీ మీద కూర్చోబెట్టినారు. స్టేషన్ స్టాఫ్, కూరగాయల మార్కెట్టోళ్లు, బస్టాండోళ్లు, అందరూ వచ్చినారు.

సార్ నన్ను దగ్గరికి పిలిచినాడు. "నువ్వు ఆడొద్దు. కొబ్బరికాయ కొట్టి కూర్చో. నీకు కలకత్తా ముఖ్యం."

"సరే సార్," అని కూర్చున్నా. బుద్ధిగానే కూర్చున్నా.

సగం ఆట అయినాక మైకులో ఒకాయన మొదలుపెట్టినాడు. మన ఊరి ముద్దుబిడ్డ, కలకత్తా పోతున్న సింహం, రెండు నిమిషాలు దిగి గురువుగారి రుణం తీర్చుకోవాలని. జనం చప్పట్లు. మాలో ఇది ఒక పద్ధతి. ఫంక్షన్‌కి పిలిచినోణ్ణి తిననియ్యకుండా పంపరు, ఆటగాణ్ణి ఆడనియ్యకుండా పంపరు. కాదంటే పొగరెక్కినాడంటారు. స్టేజీ మీదనుంచి సార్ భార్య, మేమంతా అమ్మా అని పిలిచే మనిషి, "రెండు నిమిషాలే కదా నాయనా, ఆయన చూసినట్టుంటుంది" అన్నది. సార్ మొహం చూసినా. వద్దన్న నోరు ఆయనదే, చూడాలని ఉన్న కండ్లూ ఆయనవే. దిగినా.

రెండు నిమిషాలు పది నిమిషాలయినాయి. కార్నర్ నుంచి బంతి గాల్లో లేచింది. నేను వెనక్కొచ్చి తలతో తీద్దామని ఎగిరినా. మా బావ, మా టీము కీపరే, గోలు వదిలి దూకినాడు. దిగేటప్పుడు నా ఎడమకాలు భూమ్మీద, వాని ఒళ్లంతా నా మోకాలి మీద. లోపల్నుంచి ఒక చప్పుడు వచ్చింది. పచ్చి కంది కట్టె విరిచినట్టు. నాకు వినపడింది, వానికి వినపడింది. ఇంకెవరికీ వినపడలేదు.

"బావా," అన్నాడు వాడు, మొహం తెల్లగా అయిపోయి.

"నోరు మూసుకో," అన్నా. "సార్ చూస్తున్నాడు."

లేచినా. నడవబోతే మోకాలు పక్కకి జారిపోయింది. సరేనని గ్రౌండ్ మధ్యలోకి మెల్లగా చేరుకుని ఆడనే నిలబడిపోయినా. కుడికాలి మీద బరువంతా పెట్టి, వచ్చిన బంతిని వచ్చినట్టు ఎడమకాలితో అటొకటి ఇటొకటి తోసినా. ఆట అయిపోయేదాకా అడుగు తీసి అడుగు వెయ్యలేదు. చివర్లో కుడిపక్క ఖాళీ కనపడింది, పొడుగ్గా ఒక బంతి వేసినా, మావాడు ఒకడు పోయి గోలు కొట్టినాడు. స్టేజీ మీద సార్ లేచి నిలబడి కండ్లు తుడుచుకున్నాడు. మెడలో దండ అట్లనే ఉంది. అంత సంతోషం ఆయన మొహంలో నేను అంతకుముందు చూడలేదు.

పొద్దున్నే మోకాలు బూడిద గుమ్మడికాయంత అయింది. మా బావ నన్ను బండి మీద వెనకాల కూర్చోబెట్టుకుని పామూరు అవతల ఎముకలకి కట్టు కట్టే ముసలాయన దగ్గరికి తీసుకపోయినాడు. ఆస్పత్రికి పోతే మాట బయటికి పొక్కుతుందని మా భయం. దారి పొడుగునా గుంతలే. మోకాలిలో ఏమన్నా మిగిలుంటే ఆ రోడ్డు తీసేసుకుంది. ముసలాయన చేత్తో తడిమి చూసినాడు.

"ఎముక బాగుంది నాయనా. లోపల నరాల సంగతి నాకు తెలీదు. అది నా పని కాదు, పట్నం పోయి చూపించుకోండి."

మేము 'ఎముక బాగుంది' దాకా విన్నాం. ఆడికే మా ఇద్దరికీ ప్రాణం లేచొచ్చింది. కట్టు కట్టమని మేమే బతిమాలినాం. మొగమాటానికి కట్టినాడు. తిరిగొచ్చేటప్పుడు హనుమంతునిపాడులో ఆగి బోండాలు కూడా తిన్నాం. నేను జోకులు వేస్తా ఉన్నా, వాడు నవ్వుతా ఉన్నాడు.

కలకత్తాలో డాక్టరు నన్ను బల్ల మీద పండుకోబెట్టి, మోకాలు వంచి, పిక్క పట్టుకుని ముందుకు లాగినాడు. బీరువా సొరుగు లాగినట్టు వచ్చింది. మంచి మోకాలు అట్ల రాదంట. ఎప్పుడు జరిగిందని హిందీలో అడిగినాడు. "పుట్టినప్పట్నుంచి కొంచెం వదులే సార్" అన్నా. నేను జోకు వేస్తే నవ్వని మనిషిని మొదటిసారి చూసినా. సాయంత్రానికి నా చేతిలో తిరుగు టికెట్ పెట్టినారు. మర్యాదగానే పెట్టినారు. తర్వాత కర్నూలులో ఆపరేషన్ చేయించుకున్నా. కాలు నడకకి వచ్చింది. ఆటకి రాలేదు. చిన్నచిన్న టీముల్లో కొన్నాళ్లు ఈడ్చి, షామియానాల్లోకి దిగినా.

ఇంతవరకు జరిగింది దురదృష్టం. అది నా ఒక్కనిది. ఇక మీదట జరిగింది వేరు.

కలకత్తా నుంచి వచ్చిన మర్నాడు సార్ బత్తాయిలు పట్టుకుని మా ఇంటికొచ్చినాడు. మంచం పక్కన కూర్చుని, మోకాలి మీద చెయ్యి పెట్టి అడిగినాడు. "ఎవడు కొట్టినాడురా?"

గడప దగ్గర మా బావ నిలబడి ఉన్నాడు. మా అమ్మ వంటింటి తలుపు దగ్గర. పాతోళ్లు ఇద్దరు ముగ్గురు. వాచిన మోకాలు చూసినోళ్లే కాబట్టి అందరికీ అసలు సంగతి తెలుసు. అందరూ నా నోటిదిక్కే చూస్తున్నారు. మీకు తెలుసు కదా మన పద్ధతి. ఊళ్లో ఎవరైనా పోతే, దూరాన ఉన్నోళ్లకి పోయినాడని చెప్పం. సీరియస్‌గా ఉంది రమ్మంటాం. పెద్దవాళ్ల దగ్గరైతే అదీ చెప్పం, ఒంట్లో నలతగా ఉందంటాం. నిజాన్ని నీళ్లు కలిపి పలచన చేసి గాని గొంతులో పొయ్యం. నీ రిటైర్‌మెంట్ రోజే నా కాలు పోయింది సార్ అని ఆ మనిషికి ఎట్ల చెప్పేది?

"కలకత్తాలో సార్. ప్రాక్టీసులో ఒక డిఫెండరు. మనిషి కాదు సార్ వాడు, తలుపు."

గడప దగ్గర మా బావ ఊపిరి వదిలినాడు. మా అమ్మ కండ్లతోనే మంచి పని చేసినావన్నది. నేను ఇంకొంచెం కలిపినా. ఆరడుగులు, ఎర్రటి కండ్లు, మెడకి తాయెత్తు. సార్ కోపంతో పండ్లు పటపట కొరికినాడు.

లేని మనిషిని సార్ ఏండ్ల తరబడి తిట్టినాడు. ఆయన చెప్తా చెప్తా ఆ డిఫెండరుకి బట్టతల వచ్చింది, మీసాలు వచ్చినాయి. సాయంత్రం ఆట అయినాక పిల్లలకి సార్ రెండే కథలు చెప్పేవాడు. ఒకటి ఆ రాక్షసుని కథ. ఇంకొకటి రిటైర్‌మెంట్ మ్యాచ్ కథ.

"ఆ రోజు వీడు గ్రౌండ్ మధ్యలో కొయ్య పాతినట్టు నిలబడినాడురా. అడుగు కదల్లేదు. బంతిని పరిగెత్తించినాడు గాని తను పరిగెత్తలేదు. హాఫ్ అంటే అదిరా. మీరు గొర్రెల్లాగా బంతి వెనకాల ఉరుకుతారు."

పిల్లలు నన్ను దేవుణ్ణి చూసినట్టు చూసేవాళ్లు. నేను తల వంచుకునేవాణ్ణి. అణకువ అనుకునేవాళ్లు. మర్నాడు వాళ్లు కూడా గ్రౌండ్ మధ్యలో నిలబడి ఆడటానికి చూసేవాళ్లు. బంతి పక్కనుంచి పోతున్నా కదిలేవాళ్లు కాదు. సార్ చప్పట్లు కొట్టేవాడు.

ఇంతవరకైనా నవ్వుకోవచ్చు. కానీ సార్ పిల్లల్ని బయటికి పంపడం మానేసినాడు. ఒక పిల్లోడికి హైదరాబాదు నుంచి పిలుపొచ్చింది. "వద్దు, ఆడ మోకాళ్లు తింటారు" అని వాళ్ల నాయనకి చెప్పినాడు. నంద్యాలలో బాగా ఆడిన ఇంకొకణ్ణి పెద్ద అకాడమీవాళ్లు అడిగినారు. మళ్లీ అదే మాట. ఊళ్లో ఆటకి సంబంధించినంతవరకు సార్ మాట దాటేవాళ్లు లేరు. మొదటివాడు ఇప్పుడు ఆటో తోలుతున్నాడు. రెండోవాడు మార్కాపురంలో పలకల ఫ్యాక్టరీలో చట్రాలు బిగిస్తాడు. ఎదురుపడితే ఇద్దరూ అన్నా అని నవ్వుతూనే పలకరిస్తారు.

అప్పుడన్నా చెప్పి ఉండాల్సింది. చెబుదామనే పోయేవాణ్ణి. సార్ ఎదురొచ్చి "ఏమిరా, కాలెట్లుంది?" అంటే, "నాకంటే ముందే పండుకుంటోంది సార్" అని ఏదో ఒకటి అనేసి వచ్చేవాణ్ణి. నోట్లో జోకుంటే నిజం బయటికి రాదు. రెండింటికీ దారి ఒకటే మరి.

పోయిన ఏడు మా బావ కూతురి వంతు వచ్చింది.

ఆ పిల్ల నన్ను మామా అంటుంది. మధ్యలో ఆడుతుంది. చెప్పకూడదు గాని, ఆ వయసులో నాకు లేని చూపు దానికుంది. బెంగుళూరులో ఆడపిల్లల క్లబ్బువాళ్లు సెలక్షన్లు పెడితే పోయి ఆడొచ్చింది. ఫలానా రోజుకల్లా వచ్చి చేరమని కబురు వచ్చింది. వాళ్లమ్మ ఒక్క మాట మీద నిలబడింది. "సార్ పంపమంటే పంపుతా. సార్ వద్దంటే వద్దు." సార్ వద్దన్నాడు.

చేరమన్న రోజు దాటిన మర్నాడు మధ్యాహ్నం నేను గోడౌన్‌లో కుర్చీలు లెక్కపెట్టుకుంటా ఉంటే ఆ పిల్ల వచ్చింది. ఒక కుర్చీ లాక్కుని కూర్చుంది.

"మామా, నిజం చెప్పు. ఆడ అంత ఘోరంగా కొడతారా?"

"ఎవరన్నారు?"

"సార్. నీ మోకాలు చూపించి మరీ చెప్తున్నాడు. వీనికంటే గట్టిదానివా నువ్వు అన్నాడు."

"నాకంటే గట్టిదానివేలే. నీ నోరు చూస్తేనే తెలుస్తుంది."

అది నవ్వలేదు. "మామా, నాకు భయమేం లేదు. తగిలితే తగులుతుంది. నువ్వు సార్‌కి ఒక్క మాట చెప్పు, పంపమని. నువ్వు చెప్తే వింటాడు. దెబ్బ తిన్నది నువ్వు కదా."

అది పోయినాక మా బావకి ఫోన్ చేసినా. వచ్చినాడు. చేతులకి గ్రీసు అట్లనే ఉంది. కూతురు వచ్చిపోయిన సంగతి వానికి తెలుసు.

"ఏం చేద్దాం బావా?"

"నీ కూతురు. నువ్వే చెప్పాల."

"ఎట్ల చెప్పేది? ఆయన మొహం చూసి, నేనే విరగ్గొట్టినా అని ఎట్ల చెప్పేది?"

"చెప్పకపోతే నీ కూతురు నీ దుకాణంలో కూర్చుని ట్యూబులకి గాలి కొడుతుంది."

వాడు చేతుల గ్రీసు తువ్వాలుకి తుడుచుకున్నాడు. "ఇద్దరం పోదాం," అన్నాడు. "నువ్వు మొదలుపెట్టు. నీకు మాటలొచ్చు."

సార్ ఇల్లు రైల్వే గేటు అవతల. మేము పోయేసరికి సార్ భార్య, మా అందరి అమ్మ, వరండాలో చింతపండు గింజలు తీస్తోంది. సార్ కుర్చీలో కూర్చుని కాలిగోళ్లు కత్తిరించుకుంటున్నాడు.

"సార్, ఆ కలకత్తా డిఫెండరు లేడు," అన్నా.

"చచ్చిపోయినాడా?"

"పుట్టనే లేదు సార్."

సార్ నవ్వినాడు. అమ్మ కూడా నవ్వింది. నేను కూర్చుని మొత్తం చెప్పినా. కార్నర్, దూకడం, చప్పుడు, పామూరు కట్టు. పక్కన మా బావ "అవును సార్, నేనే సార్" అంటా ఉన్నాడు. సార్ గోళ్లు కత్తిరించుకోవడం ఆపలేదు.

"కూతుర్ని పంపడానికి ఇద్దరూ కూడబలుక్కుని వచ్చినారు," అన్నాడు చివరికి. "వాడు తండ్రి, ఏమైనా అంటాడు. నువ్వు పుట్టినప్పట్నుంచి ఒక్క మాట సక్రమంగా చెప్పి ఎరగవు. పోండి. ఆ పిల్ల మోకాలు నాకు ముఖ్యం."

ఏడవాలో నవ్వాలో తెలియలేదు. జీవితంలో ఒక్కసారి నిజం చెబితే, పుచ్చుకునే మనిషి లేడు.

"సార్, ఆ రోజు నేను నిలబడి ఆడినానని రోజూ చెప్తావు కదా. ఎందుకు నిలబడినా అనుకున్నావు?"

"తెలివి."

"తెలివి కాదు సార్. అడుగు పడలేదు."

సార్ చేతిలో గోళ్ల కత్తెర ఆగిపోయింది. ఆ మ్యాచ్ ఆయనకి నాకంటే బాగా గుర్తు. కండ్ల ముందర తిప్పుకుంటున్నాడని తెలుస్తా ఉంది.

"అన్నీ ఎడమకాలితో వేసినావు ఆ రోజు," అన్నాడు మెల్లగా. "నీది కుడికాలి ఆట. బెంగుళూరులో నేర్చుకున్నావు అనుకున్నా."

"ఎడమ మోకాలి మీద బరువు ఆగలేదు సార్. కుడిదాని మీద నిలబడి, దాన్ని ఊరికే ఊపినా."

అమ్మ చింతపండు మీదనుంచి చెయ్యి తీసేసింది. రెండు నిమిషాలే కదా అన్నది తనే అని ఆమెకి గుర్తొచ్చిందని ఆ చెయ్యి చూస్తే తెలిసింది.

"అయితే ఇన్నేండ్లు నేను పిల్లలకి నేర్పింది," అన్నాడు సార్, "కాలు విరిగినోడు ఎట్ల నిలబడాలో అన్నమాట."

మా బావ తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. నేను ఏదో అనబోయినా. సార్ చెయ్యెత్తి ఆపినాడు.

"ఆ పిల్లోళ్లిద్దరూ?" అన్నాడు.

అంతే అడిగినాడు. ఆటో తోలేవాడు, పలకలు బిగించేవాడు. రిటైర్‌మెంట్ రోజే ఈ మాట చెప్పుంటే ఆయన ఆ రాత్రి ఏడ్చేవాడు. మర్నాడు నన్ను కర్నూలుకి తీసుకపోయేవాడు. తర్వాత వచ్చిన పిల్లల్ని బండెక్కించి, జాగ్రత్తలు చెప్పి పంపేవాడు. ఆయన ఏడుపు ఒకటి తప్పించడానికి మేమందరం కలిసి ఇంత చేసినాం.

సార్ లోపలికి పోయి చొక్కా తొడుక్కుని వచ్చినాడు. మాతో నడిచి మా బావ ఇంటికి వచ్చి, వాని భార్యతో గుమ్మంలోనే చెప్పినాడు. "పంపమ్మా. నేను చెప్పింది తప్పు."

ఆమె ఎందుకని అడిగింది. "నాకు తెలియక చెప్పినా," అన్నాడు. మా బావ పేరు ఎత్తలేదు. నా పేరూ ఎత్తలేదు.

అప్పటికప్పుడు బెంగుళూరికి ఫోన్ చేసినాం. చెప్పిన రోజు దాటిపోయింది, రాకపోయేసరికి ఇంకొక అమ్మాయిని తీసుకున్నాం, వచ్చే ఏడు సెలక్షన్లకి రండి అన్నారు. ఆ పిల్ల మా మొహాలు చూసింది, అర్థం చేసుకుంది, బూట్లు తీసుకుని గ్రౌండ్‌కి పోయింది. ఆ వయసులో ఆటలో ఒక ఏడు అంటే ఒక ఏడు కాదు. మీకు నేను చెప్పాల్సిన పని లేదు.

ఈ ఏడు పోయి మళ్లీ ఆడింది, తీసుకున్నారు. కానీ పోయినేడు తీసుకున్న పెద్ద టీములోకి కాదు, చిన్న పిల్లల బ్యాచ్‌లోకి. అది పోయేరోజు వాళ్ల నాయన స్టేషన్‌లో ప్లాట్‌ఫారం మీద నిలబడి, బండి కదిలేదాకా దాని సంచీ జిప్పు తెరుస్తా మూస్తా ఉన్నాడు. సార్ రాలేదు.

సార్ ఇప్పటికీ సాయంత్రం గ్రౌండ్‌కి వస్తాడు. పిల్లలెవరైనా మధ్యలో నిలబడితే "కదలండిరా" అని అరుస్తాడు. ఆ మ్యాచ్ కథ చెప్పడం మానేసినాడు. ఆయన ఉద్యోగం మొత్తానికి మిగిలిన మంచి రోజు అదొక్కటే. కాపాడాలని చూసి చూసి మేమే తీసేసుకున్నాం.

మొన్న కొత్తగా వచ్చిన పిల్లలు కొందరు ఆయన చుట్టూ కూర్చుని అడిగినారు. "సార్, నిలబడి ఆడిన మ్యాచ్ గురించి చెప్తావంట కదా. చెప్పు సార్."

సార్ నా దిక్కు చూసినాడు. కోపంగా చూడలేదు. "అది నాకు సరిగ్గా తెలీదు," అన్నాడు. "వాణ్ణి అడగండి."

పిల్లలందరూ నా దిక్కు తిరిగినారు. గోలు దగ్గర వల సర్దుతున్న మా బావ కూడా చెయ్యి ఆపి, చెప్పు అన్నట్టు తల ఊపినాడు. నేను నేలమీద కూర్చుని మొదటినుంచి చెప్పినా. ఎవరు దూకినారో, ఎవరు ఎవరికి ఏమని చెప్పినామో, ఎవరెవరు పోవాల్సినవాళ్లు పోలేకపోయినారో, అంతా.

సార్ మధ్యలో లేచి పోలేదు.